ముందు వరస అక్క

గౌలిపురలో మా సందు మొదట్లో, కరెంటు స్తంభానికి, పోయిన నెల ఒక శ్రద్ధాంజలి ఫ్లెక్సీ కట్టారు. మా దగ్గర ఎవరు పోయినా ఫ్లెక్సీ కట్టడం మామూలే. ఆధార్ కార్డు ఫోటోనో, ఏ పెళ్ళి ఫోటోలోంచో కత్తిరించిన ముఖమో పెడతారు. వెనక నీలం మబ్బులు, కింద ఇద్దరు ముగ్గురు బస్తీ లీడర్ల బొమ్మలు. పోయినవాళ్ళు అందులో ఎప్పుడూ బిగుసుకునే ఉంటారు. ఈ ఫ్లెక్సీలో మనిషి నవ్వుతోంది. చిన్నగా కూడా కాదు. నోరంతా తెరిచి, కళ్ళు మూసుకుపోయి, తల ఓ పక్కకు వాల్చి నవ్వుతోంది. బొమ్మ మసక. పైగా పక్కన ఎవరిదో గళ్ళ చొక్కా చెయ్యి, భుజం నుంచి మోచేతి దాకా, అట్లాగే వదిలేశారు.

సందులో దీని మీద రెండు మూడు రోజులు చర్చ నడిచింది. పోయినామె నవ్వడమేంటని కొందరు, ఫ్లెక్సీ వాడికి ఆ చెయ్యి కత్తిరించడం కూడా చేతకాలేదా అని కొందరు. కూరగాయలకు వెళ్తూ నేనూ ఆగి చూశాను. ఆ బొమ్మ నా ఫోన్లోంచే వెళ్ళింది. ఆ చెయ్యి ఎవరిదో నాకు తెలుసు.

ఆమె పేరు ఫ్లెక్సీ మీద ఉంది, ఇక్కడ ఎందుకులే. నాకు ఆమె అక్క. స్టూడియోలో అందరికీ ముందు వరస అక్క.

నేను టీవీలో రాత్రిపూట వచ్చే ఒక కామెడీ టాక్ షోకి జోకులు రాస్తాను. చివర్లో మా పేర్లు వేస్తారు గానీ అవి ఎంత గబగబా పైకి పోతాయంటే, మా అమ్మ ఇంతవరకు నా పేరు పట్టుకోలేకపోయింది. యాంకర్ సోఫాలో కూర్చుని, వచ్చిన సినిమావాళ్ళను ఆటపట్టిస్తుంటాడు. వెనక పెద్ద కిటికీ, కిటికీలో రాత్రి నగరం, లైట్లు. అదంతా గుడ్డ మీద బొమ్మ. షూటింగ్ జరిగేది పట్టపగలు. బయట ఎండ మాడ్చేస్తుంటే లోపల ఒకరికొకరు గుడ్ నైట్ చెప్పుకుంటుంటారు. ఒక్క రోజులో మూడు ఎపిసోడ్లు తీసేస్తారు. అవి నెలా రెండు నెలలు పోయాక, వారానికొకటి చొప్పున, శనివారం రాత్రి వస్తాయి. ఆదివారం పొద్దున మళ్ళీ వేస్తారు. మా సందులో బర్రెలున్న ఇళ్ళవాళ్ళు తెల్లారకముందే లేవాలి కాబట్టి రాత్రి షో కోసం ఎవరూ మేలుకోరు. మా దగ్గర దాన్ని అందరూ పొద్దునే చూస్తారు.

ఎదురుగా కూర్చుని నవ్వడానికి మనుషులు కావాలి కదా. ఆ మనుషులను కోఆర్డినేటర్ ఒకతను వ్యానులో తెస్తాడు. ఒకసారి వ్యాను నిండలేదని నన్నడిగితే, మా సందులోని ఆడవాళ్ళను కొంతమందిని పంపాను. మిగతావాళ్ళకు తొందరగానే విసుగు పుట్టింది. అక్కకు పుట్టలేదు.

మూడు ఎపిసోడ్లు ఒకే రోజు తీస్తారు కాబట్టి కూర్చున్నవాళ్ళు ప్రతిసారీ వేరే మనుషుల్లా కనబడాలి. కోఆర్డినేటర్ చీరలు మార్చుకోమంటాడు. మిగతా ఆడవాళ్ళు పైన ఒక శాలువా కప్పుకుని పని కానిచ్చేవాళ్ళు. అక్క అట్లా కాదు. సంచిలో మూడు చీరలు, మూడింటికీ మూడు తీర్ల గాజులు పెట్టుకొచ్చేది. గాజులు లాడ్ బజార్లో బేరమాడి తెచ్చినవి. ఒక ఎపిసోడ్‌కి కొప్పు, ఒకదానికి జడ. ఆఖరి ఎపిసోడ్‌కి ముక్కుపుడక తీసేసి కొంగుకు ముడేసుకునేది. ఇంత చేసినా నవ్వు మాత్రం ఒక్కటే. చూసేవాళ్ళు దాన్నిబట్టి పట్టేస్తారని నేనంటే, "నవ్వుడు గూడ మార్సాల్నా తమ్మీ? గది నాతోని కాదు," అనేది.

ఆ నవ్వు సంగతి చెప్పాలి. మొదట చప్పుడుండదు. భుజాలు కదులుతాయి. తల ఎడమ వైపుకు వాలుతుంది. కుడిచెయ్యి లేచి పక్కనున్నవాళ్ళ తొడ మీద ఠపీమని పడుతుంది. ఆ తర్వాత వస్తుంది నవ్వు, పెద్దగా, తెరలు తెరలుగా. అది విని వెనక వరసలు నవ్వేవి, వాళ్ళను చూసి యాంకర్‌కి హుషారొచ్చేది. తొడ దెబ్బలకు భయపడి ఆమె కుడిపక్కన ఎవరూ కూర్చునేవాళ్ళు కాదు. ఆ కుర్చీ ఎప్పుడూ ఖాళీగానే ఉండేది.

ఆమెకు ఇంకో అలవాటుంది, అది మాకు తలనొప్పి. జోకు పూర్తయ్యేదాకా ఆగేది కాదు. సగంలోనే నవ్వేసేది. "అక్కా, జర ఆగు, ఆఖర్ల ఉంటది అసలుది," అని బతిమాలేవాణ్ణి. "ఎందుకు ఆగాలె? వాని మొఖం జూస్తనే తెలుస్తది, ఏదో చెప్పబోతుండని," అనేది. షూటింగ్ అయ్యాక వ్యాను ఎక్కుతూ నాకు తీర్పు చెప్పేది. "ఇయ్యాల నీదొక్కటి మంచిగుండె. కడమయి ఉత్తయే." ఏది మంచిగుందో అడిగితే ఎప్పుడూ నాది కానిదే చెప్పేది.

ఇక ఆమె భర్త. సందు వరసలో నాకు బావ. గౌలిపురలో ఇంకా బర్రెలు మిగిలిన కొద్ది ఇళ్ళలో వాళ్ళది ఒకటి. పిల్లలు లేరు. ఇంటి వెనక చిన్న కొట్టం, అందులో రెండు మూడు బర్రెలు, అదే ఆయన లోకం. బావ నవ్వగా చూసినవాళ్ళు మా సందులో లేరు. కోపిష్టి కాదు, మాట్లాడితే మంచిగానే మాట్లాడతాడు. నవ్వాల్సిన చోటు వచ్చేసరికి పెదాలు బిగించి మీసం సరిచేసుకునేవాడు. ఇంత నవ్వే మనిషికి అంత నవ్వని మొగుడు దొరికాడని సందులో అందరూ వేళాకోళమాడేవాళ్ళు. అక్క కూడా వాళ్ళతో కలిసి నవ్వేది.

ఒక రోజు వ్యానులో మనిషి తక్కువయ్యాడు. కోఆర్డినేటర్ సందులో నిలబడి ఒకటే గొడవ. బావ అప్పుడే బర్రెలకు గడ్డి వేసి చేతులు కడుక్కుంటున్నాడు. అక్క లోపలికి వెళ్ళి ఒక గళ్ళ చొక్కా తెచ్చి ఆయన చేతిలో పెట్టింది. "జర కూసొని వద్దువు, దా. సల్లగుంటది ఆడ," అంది. ఆయన ఏమనుకున్నాడో గానీ చొక్కా తొడుక్కుని వ్యాను ఎక్కాడు. స్టూడియోలో ఆయన ముఖం చూడగానే ఫ్లోర్ మేనేజర్ గాబరాపడ్డాడు. "పెద్దాయన్ని ఆఖరి వరసలో వెయ్యండి, ఫ్రేములో పడితే షో మొత్తం సీరియస్సైపోతుంది," అన్నాడు. అక్క ఆయన చొక్కా చెయ్యి పట్టుకుని కుడిపక్కనున్న ఖాళీ కుర్చీలో కూర్చోబెట్టుకుంది. "గీయన ఈడనే ఉంటడు. నా దెబ్బ ఈయనకు అలవాటే," అంది.

మొదటి రెండు ఎపిసోడ్లు ఆయన మీసం సరిచేసుకుంటూ కూర్చున్నాడు. మూడోదానిలో యాంకర్ ఒక పెళ్ళిచూపుల జోకు మొదలెట్టాడు. సగానికొచ్చాడు. అక్క భుజాలు కదిలాయి, తల వాలింది, చెయ్యి ఠపీమంది, నవ్వు వచ్చేసింది. సరిగ్గా అప్పుడే యాంకర్ చూసి చదువుకునే తెర మీద మాటలు ఆగిపోయాయి. ఆయనకు జోకులో మిగతా సగం తెలియదు. నోరు తెరిచి తెర వైపు చూస్తూ ఉండిపోయాడు. హాలంతా నిశ్శబ్దం. అంత హాల్లో అక్క ఒక్కతే, లేని జోకుకి, పగలబడి నవ్వుతోంది. కాసేపటికి కళ్ళు తెరిచి చూస్తే ఇంకెవరూ నవ్వడం లేదు. నోరు మూయడం మర్చిపోయి అట్లాగే అటూ ఇటూ చూసింది.

బావ ఆమె వైపు తిరిగాడు. చూశాడు. పెదాలు బిగించడం కూడా గుర్తు లేనట్టుంది, ఒక్కసారిగా నవ్వేశాడు. కడుపు పట్టుకుని, ముందుకు వంగి, కుర్చీ కదిలిపోయేలా నవ్వాడు. ఆయన్ను చూసి అక్కకు మళ్ళీ నవ్వొచ్చింది. కెమెరా వాళ్ళ మీదే ఉంది.

తర్వాత తెర బాగుచేసి జోకు మళ్ళీ చెప్పించారు. అందరూ నవ్వమన్నట్టు నవ్వారు.

రెండు నెలలు గడవకముందే బావ పోయాడు. ఒక శుక్రవారం పొద్దున కొట్టంలోనే కూలబడ్డాడు, ఆస్పత్రికి చేరేలోపే అయిపోయింది. ఆదివారం మూడొద్దులు, అంటే మూడో రోజు కర్మ. ఆ రోజు పోయినవాళ్ళకు ఇష్టమైనవి వండి డాబా మీద పిట్టకు పెడతారు. పిట్ట ముడితే పోయిన మనిషికి తృప్తి అయినట్టు, ముట్టకపోతే మనసులో ఏదో ఉండిపోయినట్టు. విస్తరాకులో అన్నం, బోటి కూర, ఉడకబెట్టిన గుడ్డు, పక్కన చాయ్, బిస్కెట్లు పెట్టి అందరం దూరంగా నిలబడ్డాం. పాతబస్తీలో కాకులు తగ్గిపోయి చాలాకాలమైంది. పావురాలు మాత్రం ఎన్ని కావాలంటే అన్ని. అవి పిట్టగోడ మీద వరసగా కూర్చుని మా వైపు చూస్తున్నాయి, ఆకు దగ్గరికి మాత్రం రావడం లేదు.

ఎండ ఎక్కుతోంది.  అప్పుడు పక్కింటి కిటికీలోంచి నవ్వు వినబడింది. పెద్దగా, తెరలు తెరలుగా. పక్కింటి టీవీలో మా షో వస్తోంది.

డాబా మీద ఉన్నవాళ్ళంతా ఆ నవ్వును గుర్తుపట్టారు. అక్క మూలన కూర్చుని ఉంది, తల మీద ముసుగు. ఒక్కసారిగా కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది, ఆ నవ్వు అప్పుడే తన నోట్లోంచి వస్తున్నట్టు. 

ముందుగా నోరు తెరిచింది ఆడబిడ్డ, బావకు అక్క. డెబ్బై ఏళ్ళ మనిషి, ఆ ఇంట్లో ఆమె మాటే మాట.

"ఇనుండ్రి, అందరు ఇనుండ్రి. మొగడు పోయి మూడొద్దులాయె, టీవీల ఎట్ల నవ్వుతున్నదో సూడుండ్రి. ఇగ పిట్ట ఎట్ల ముడ్తది? నా తమ్ముని పానం ఎట్ల సల్లవడ్తది?"

నేను కలగజేసుకున్నాను. "అమ్మా, గది ఇప్పటిది కాదు. రెండు నెలల కింద తీసిండ్రు."

"గప్పుడు తీస్తే ఇప్పుడెందుకు నవ్వుతున్నది?"

 ఆ ప్రశ్నను నేను తర్వాత మా ప్రొడ్యూసర్‌ని కూడా అడిగి చూశాను, ఆయనకూ తెలియలేదు.

పిట్ట ముట్టలేదు. కిందికి దిగేముందు ఆడబిడ్డ అక్క ఎదురుగా నిలబడి గట్టిగా చెప్పింది. "పెద్దకర్మ నాడు అందరి ముంగట చెప్పాలె, ఇగ ఆ నవ్వుడు కాడికి పోనని. తప్పయిందని చెప్పాలె. లేకుంటె ఈ ఇంట్ల నీకు నాకు మాటల్లెవ్వు." పిల్లలు లేని ఇల్లు. ఆయన పోయాక ఆ కుటుంబంలో అక్కకు చోటుంటుందా లేదా అన్నది ఆ ముసలామె మీదే ఉంది. అది అక్కకూ తెలుసు. తల ఊపింది.

ఆ వారంలోనే ఎడిటింగ్ గదిలో కూర్చుంటే, వచ్చే ఎపిసోడ్‌లో వాళ్ళిద్దరూ కనబడ్డారు. ఎడిటర్ ఆ నవ్వును ఆ పెళ్ళిచూపుల జోకు దగ్గర వాడలేదు. తీసుకొచ్చి వేరే జోకు కింద పెట్టాడు. ఆ వేరే జోకు నాది. వచ్చే ఆదివారమంటే పెద్దకర్మకు ముందు రోజు, ఇంటినిండా చుట్టాలుంటారు. తీసేయమంటే తీసేస్తానన్నాడు ఎడిటర్.

సాయంత్రం వెళ్ళేసరికి అక్క కొట్టంలో పాలు పిండుతోంది. ఇంట్లో ఎవరు పోయినా బర్రెలు ఆగవు కదా.

"అక్కా, వచ్చే వారం దాంట్ల గూడ నువ్వున్నవు. ఫికర్ చెయ్యకు, తీసేపిస్త," అన్నాను.

"తీసేపియ్యి తమ్మీ. నాకీ లొల్లి వద్దు."

"బావ గూడ ఉన్నడు."

చేతులు ఆగిపోయాయి. "ఆయన మీసం సదురుకుంట కూసున్నడా?"

"లేదక్కా. గప్పుడు నవ్విండు సూడు, గది."

బర్రె కాలు కదిపింది. దాన్ని ఒక చేత్తో నిమురుతూ, నా వైపు చూడకుండా అడిగింది. "ఆయనను ఉంచి నన్నొక్కదాన్ని తియ్యరాదా?"

"రాదక్కా. ఒక్కటే షాటు. నువ్వు పోతే ఆయన గూడ పోతడు."

మళ్ళీ పాలు పిండడం మొదలెట్టింది. నేను వెళ్ళిపోదామా అనుకుంటుండగా అంది, "ఉండనియ్యి."

"మీ వదినె ఊకుంటదా అక్కా? ఇప్పటికే..."

"తిడితె తిట్టనియ్యి. ఇల్లు నాది కాదంటె గంతే. ఆయన నవ్విండు తమ్మీ. ఎట్ల తీసేయిస్త?"

ఆదివారం పొద్దున నన్ను రమ్మని కబురు చేసింది. వెళ్ళేసరికి గదినిండా చుట్టాలు. చావు ఇల్లు కాబట్టి టీవీ మీద దుప్పటి కప్పి ఉంది. అక్క మూలలోంచి లేచి వచ్చి ఆ దుప్పటి తీసింది.

"సిగ్గున్నదా నీకు?" అని లేచింది ఆడబిడ్డ. "రేపు పెద్దకర్మ వెట్టుకొని?"

"వదినె, ఒక్కసారి సూడు. ఎన్క నువ్వేమంటె గదే చేస్త. పొమ్మంటె పోత."

  ఆడబిడ్డ కూర్చోలేదు, వెళ్ళిపోనూ లేదు. గోడకానుకుని నిలబడింది.

ప్రకటనలు వచ్చాయి, పోయాయి. యాంకర్ వచ్చాడు, సినిమావాళ్ళు వచ్చారు. చావు ఇంట్లో అందరి ముందూ కూర్చుని, నా జోకులు ఒకదాని తర్వాత ఒకటి చప్పగా పడిపోవడం చూశాను. చివరికి ఆ జోకు వచ్చింది. జోకు అయిపోగానే తెర నిండా వాళ్ళిద్దరూ. నోరు తెరిచిన అక్క, ఆమె వైపు తిరిగి కడుపు పట్టుకుని నవ్వుతున్న బావ. నోరంతా తెరిచి ఉన్నాడు. పైన, ముందు, ఒక పన్ను లేదు.

జరసేపే. యాంకర్ మళ్ళీ వచ్చేశాడు.

 ఆడబిడ్డ టీవీ దగ్గరికి వచ్చింది. "వీనికి గా పన్ను ఎప్పుడు ఊడింది?" అంది.

"బర్రె తల ఇసిరింది వదినె. మస్తు ఏండ్లాయె. ఎవ్వలకు చెప్పొద్దన్నడు."

"నాకు గూడనా?"

"నీకే చెప్పొద్దన్నడు. ఎరికైతె నువ్వు బర్రెలను అమ్మిపిస్తవని."

 ముసలామె భుజాలు కదిలాయి. "దొంగ నాకొడుకు," అంటూ నవ్వింది. నవ్వుతూనే కింద కూలబడి ఏడ్చింది. అక్క వెళ్ళి పక్కన కూర్చుంది. కాసేపటికి ముసలామె కళ్ళు తుడుచుకుని నా వైపు చూసింది. "ఏమయ్యా, మల్లొక్కసారి పెట్టు," అంది. టీవీలో మళ్ళీ రాదని చెప్తే, ఏం నౌకరి నీది అంది. సాయంత్రం ఎడిటర్ దగ్గర ఆ ముక్క ఫోన్లోకి ఎక్కించుకొచ్చి చూపించాను. ఎన్నిసార్లు చూసిందో నేను లెక్కపెట్టలేదు.

మర్నాడు పెద్దకర్మలో మళ్ళీ పిట్టకు పెట్టారు. కాకి రాలేదు. ఒక పావురం పిట్టగోడ దిగి వచ్చి, బిస్కెట్టును ముక్కుతో పొడిచి ఎగిరిపోయింది. పావురం లెక్కలోకి రాదని ఒకరు, ఎందుకు రాదని ఒకరు వాదనకు దిగారు. ఆడబిడ్డ అందరినీ ఒకసారి చూసింది. "ముట్టింది. దిగుండ్రి ఇగ," అంది. తప్పయిందని చెప్పే సంగతి ఆమె ఎత్తలేదు, ఎవరూ గుర్తుచేయలేదు.

ఏడాది తర్వాత అక్క మళ్ళీ వ్యాను ఎక్కింది. సంచిలో మూడు చీరలు. సగం జోకుకే నవ్వే అలవాటు కూడా పోలేదు. "ఇప్పుడన్న ఆగరాదక్కా," అంటే, "మీ బావ ఎట్ల నవ్విండు మరి? నేను ఆగితెనా?" అంది.  కుడిపక్క కుర్చీ మునుపటిలాగే ఖాళీగా ఉండేది.

పోయిన నెల అక్క పోయింది. మర్నాడు పొద్దున ఆడబిడ్డ కర్ర పట్టుకుని మా ఇంటికొచ్చింది. "నీ ఫోన్ల ఆ నవ్వుడు ఉన్నది గదా, నడువు," అంది. సందు చివర ఫ్లెక్సీ షాపుకి వెళ్ళాం. షాపతను బొమ్మను కంప్యూటర్లో పెద్దది చేశాడు. మసగ్గా ఉంది, ఇంకోటి లేదా అన్నాడు. లేదంది. అక్క ముఖం వరకు గీత గీసి, పక్కనున్న గళ్ళ చొక్కా చెయ్యిని చూపించి, తీసేయనా అన్నాడు.

"అమ్మా, యే హాత్ నికాల్ దూఁ?"

"నక్కో, భాయ్," అంది ముసలామె. "ఉండనీ. గది మా తమ్మునిది."